యాభై దాటాక వచ్చిన పిలుపు

రోజూ సరుకులు కట్టిచ్చే కొట్టాయన ఒకనాడు పెళ్లిలో ఎదురవుతాడు. పట్టుపంచె, మెడలో కండువా. ఆప్యాయంగా నవ్వుతాడు. మనమూ నవ్వుతాం. కానీ ఎవరో గుర్తురాదు. ‘ఎక్కడో చూశానే’ అనుకుంటూ భోజనం ముగిసేదాకా ఆలోచిస్తాం. ఇంటికొచ్చి చెప్పులు విప్పుతుంటే చటుక్కున తడుతుంది. అరె, మన కిరాణా కొట్టాయన కదూ!

పదేళ్లుగా చూస్తున్న ముఖమే. వెనక అరల్లో సబ్బులూ బిస్కట్లూ లేకపోయేసరికి పోల్చుకోలేకపోయాం. ఇన్నాళ్లూ కొట్టుని చూశాం, మనిషిని చూడలేదు. అందుకు మనల్ని మనం పెద్దగా నిందించుకోనక్కర్లేదు. కొట్టుకి వెళ్లేటప్పుడు తొందరలో ఉంటాం. చేతిలో చీటీ ఉంటుంది, బుర్రలో చిల్లర లెక్క ఉంటుంది.

అయినా ఎక్కడో ఒకచోట, ఎప్పుడో ఒకప్పుడు, ఎవరో ఒకరు కౌంటరు దగ్గర నిలబడి అవతలి మనిషిని నిజంగానే చూస్తారు. అలా చూసినందువల్ల ఒక జీవితం మలుపు తిరిగిన కథ ఒకటుంది. ఎడిత్ మాసీ కథ అది. పేరు చెబితే సినిమాలు బాగా చూసేవాళ్లలో కూడా చాలామంది ‘ఎవరావిడ?’ అంటారు.

అమెరికాలో మేరీల్యాండ్ రాష్ట్రం, బాల్టిమోర్ నగరం. ఆ చుట్టుపక్కల మన తెలుగు కుటుంబాలు చాలా ఉన్నాయి కనుక ఊరి పేరు మనకు కొత్తేమీ కాదు. ఆ ఊళ్లో రేవు ఒడ్డున ఫెల్స్ పాయింట్ అని ఒక పాత పేట. రాళ్లు పరిచిన వీధులు, ఒకదాన్నొకటి ఆనుకున్న ఇటుక ఇళ్లు, ఓడ దిగిన నావికుల కోసం వెలిసిన బార్లు.

1960ల చివర్లో ఆ పేట మీదుగా పెద్ద రహదారి వేస్తారని, ఇళ్లు కూలగొడతారని గట్టిగా వినిపించేది. రేపో మాపో కూలిపోయే ఇంటికి అద్దె ఎక్కువ ఎవరు అడుగుతారు? చేతిలో డబ్బు ఆడని చిత్రకారులు, జుట్టు పెంచుకున్న కుర్రాళ్లు, ఇంట్లో ఇమడలేక బయటికొచ్చిన అమ్మాయిలు ఒక్కొక్కరే అక్కడికి చేరారు. తర్వాత ఊరివాళ్లు పట్టుబట్టి ఆ రహదారిని ఆపుకున్నారు. పేట ఈనాటికీ ఉంది.

ఆ పేటలో పీట్స్ హోటల్ అని ఒక చవక బారు. అందులో గ్లాసులు నింపి ఇచ్చే పని ఎడిత్‌ది. భారీ మనిషి. పలువరసలో ఖాళీలు. కీచుగా, ఎత్తుగా వినిపించే గొంతు. నవ్విందంటే మాత్రం మొహమంతా నవ్వే. అప్పటికి ఆవిడకు యాభై దాటుతున్నాయి.

అక్కడికి రావడానికి ముందు ఆవిడ చాలా దూరమే నడిచింది. 1918 మే 28న న్యూయార్క్‌లో పుట్టింది. పెరిగింది డెన్వర్‌లో, అనాథాశ్రమంలో. పదహారు పదిహేడేళ్ల ఈడు పిల్లలు కలలు కనే తీరుగానే ఆవిడా కల కన్నది. సినిమా తార కావాలని హాలీవుడ్‌కు పారిపోయింది.

హాలీవుడ్ ఆ అమ్మాయిని గుర్తించలేదు. అది వింతేమీ కాదు. రైలెక్కి అలా వచ్చేవాళ్లు రోజుకు ఎందరో. ఆ తర్వాత పెళ్లి, అది నిలవకపోవడం, ఊళ్లు మారడం, పొట్టకూటికి దొరికిన పని చేయడం. చివరికి బాల్టిమోర్ రేవులో ఈ బారు. తార కావాలనుకున్న సంగతి ఆవిడకైనా రోజూ గుర్తొచ్చేదో లేదో మరి.

మనలో చాలామందికి అలాంటిదొకటి ఉంటుంది. రేడియోలో పాడాలనుకున్నవాళ్లు, నాటకాల్లో వేషం కట్టాలనుకున్నవాళ్లు, బొమ్మలు గీయాలనుకున్నవాళ్లు. ఇంట్లో ఒప్పుకోకో, జరుగుబాటు లేకో, ధైర్యం చాలకో ఆ కోరికను ఎక్కడో అటక మీద పెట్టేశాం. పారెయ్యలేదు, దించి చూసుకోనూ లేదు. పండక్కి ఇల్లు దులిపినప్పుడు చేతికి తగిలితే ఒక్క క్షణం ఆగి, మళ్లీ అక్కడే పెట్టేస్తాం.

ఎడిత్ విషయంలో ఆ అటక తలుపు తీసింది జాన్ వాటర్స్ అనే ఇరవైమూడేళ్ల కుర్రాడు. బాల్టిమోర్‌లోనే పుట్టాడు. చక్కని ఇళ్లు, కత్తిరించిన పచ్చిక, ఆదివారం ప్రార్థనలు ఉండే శివారులో పెరిగాడు. సన్నగా రివటలా ఉండేవాడు. సినిమాలు తీయాలన్న పిచ్చి. నాన్న దగ్గర అప్పు చేసి మరీ తీసేవాడు. ఆ కథలు చదివితే ఏ తండ్రయినా గుండె పట్టుకుంటాడు. ఆ తండ్రి మాత్రం డబ్బిచ్చాడు.

వాటర్స్ సినిమాల్లో పెద్ద నటులెవరూ లేరు. ఉన్నవాళ్లంతా స్నేహితులే. డివైన్ అని పేరు పెట్టుకుని ఆడవేషం కట్టిన గ్లెన్ మిల్‌స్టెడ్, మింక్ స్టోల్, డేవిడ్ లొకారీ, మేరీ వివియన్ పియర్స్, కుకీ ముల్లర్. సెట్లు వేసే విన్సెంట్ పెరానియో, బట్టలూ మేకప్పూ చూసే వాన్ స్మిత్. అందరూ కలిపి తమకు డ్రీమ్‌ల్యాండ్ అని పేరు పెట్టుకున్నారు. బడిలో, వీధిలో, ఇంట్లో ఎక్కడా ఇమడని వాళ్లందరికీ అదొక ఇల్లు.

సినిమా పూర్తయితే విడుదల చేయడానికి హాలు దొరికేది కాదు. చర్చి హాళ్లు అద్దెకు తీసుకుని, తెర కట్టి, తామే టిక్కెట్లు అమ్మి చూపించేవారు. తీసేది వాళ్లే, వేషం వేసేది వాళ్లే, గోడల మీద కాగితాలు అతికించేదీ వాళ్లే.

ఈ బృందం తిరిగే చోట్లలో పీట్స్ హోటల్ ఒకటి. తాగడానికని వెళ్లిన వాటర్స్‌కు కౌంటరు వెనక ఎడిత్ కనిపించింది. అంతకుముందు ఎన్ని వందల మంది చూశారో ఆవిడను. గ్లాసు అందుకున్నారు, డబ్బులిచ్చారు, వెళ్లిపోయారు. ఈ కుర్రాడు మాత్రం ‘మీరు నా సినిమాలో వేస్తారా’ అన్నాడు.

యాభై ఏళ్ల ఆడమనిషిని, అంద‌మన్న మాటకు లోకం ఇచ్చుకున్న కొలతల్లో దేనికీ సరిపడని మనిషిని, ఆ ప్రశ్న ఎవరు అడుగుతారు? అడిగినవాడు కుర్రాడే కావచ్చు. అతని దగ్గర డబ్బు లేకపోవచ్చు. అయినా పిలుపు పిలుపే. ఆవిడ సరేనంది.

1970లో వచ్చిన ‘మల్టిపుల్ మేనియాక్స్’లో ఆవిడవి రెండు వేషాలు. ఒకటి బారులో పనిచేసే ఆవిడ, అంటే తన పాత్ర తనే. రెండోది మేరీ మాత. రేవు బారులో గ్లాసులు నింపిన చేతులే తెర మీద దేవుడి తల్లి చేతులయ్యాయి. చాలామందికి అది అపచారంగా అనిపించి ఉంటుంది. నాకు మాత్రం అందులో అనుకోకుండా ఒక మంచి మాట దొర్లిందనిపిస్తుంది. రోజంతా నిలబడి ఊళ్లోవాళ్ల దాహం తీర్చి, రాత్రి ఒంటరిగా ఇంటికి పోయే మనిషిలో అమ్మతనం ఉండదా?

రెండేళ్లకు వచ్చిన ‘పింక్ ఫ్లెమింగోస్’ ఎడిత్‌కు పేరు తెచ్చింది. 1971 చివర్లో, చలికాలంలో, పదీ పన్నెండు వేల డాలర్ల ఖర్చుతో తీశారు. 1972 మార్చిలో బాల్టిమోర్ విశ్వవిద్యాలయంలో తొలిసారి చూపించారు. మర్యాద తెలిసినవాళ్లు ముఖం తిప్పుకోవాలనే తీసిన సినిమా అది. ఇంట్లో అందరూ కలిసి కూర్చుని చూసేది కాదు. అందులోని చాలా సంగతులు ఇక్కడ రాయడం నాకూ ఇష్టం లేదు. కానీ ఎడిత్ వచ్చే సన్నివేశాలు మాత్రం చెప్పుకోవాలి.

ఊరవతల ఒక పాత ట్రైలర్ ఇల్లు. అందులో పసిపిల్లలు పాకుతూ బయటికి పోకుండా చుట్టూ పెట్టే కటకటాల తొట్టి. ఆ తొట్టిలో ఎడిత్ కూర్చుని ఉంటుంది. పాత్ర పేరు కూడా ఈడీ. డివైన్‌కు తల్లి పాత్ర. ఆవిడకు లోకంలో కావాల్సింది ఒక్కటే, కోడిగుడ్లు. గుడ్లు తెచ్చే మనిషి ఇంకా రాలేదేమని అడుగుతూ ఉంటుంది. వచ్చాడా అని మళ్లీ అడుగుతుంది.

ఒకచోట ఆవిడకు భయం పట్టుకుంటుంది. కోళ్లన్నీ ఏదో ఒక రోజు లేకుండా పోతే? గుడ్లు ఇక రాకపోతే? పక్కనున్నవాళ్లు అలా ఎందుకు జరుగుతుందని, కోళ్లు ఎప్పుడూ ఉంటాయని ఓపిగ్గా ఊరడిస్తారు. నవ్వించడానికి రాసిన సన్నివేశమే. హాలంతా పగలబడి నవ్వేది.

ఆ మాటలు రాసింది వాటర్స్. అయినా ఆ కళ్లలోని బెంగ చూస్తే, రేపటి తిండి గురించి ఆ భయం ఆవిడకు ఎవరూ నేర్పక్కర్లేదనిపిస్తుంది. అనాథాశ్రమంలో పెరిగిన పిల్లకు, ‘ఉంటుందిలే, రేపు కూడా ఉంటుంది’ అని భరోసా ఇచ్చే గొంతు ఎంత అవసరమై ఉంటుందో. నవ్వుతూ నవ్వుతూ ఆ చోటికి రాగానే నా నవ్వు కాస్త మెత్తబడుతుంది.

ఆ తర్వాత గుడ్లాయన రానే వస్తాడు. ఆవిడ ఆ గుడ్లను చూసి మురిసిపోయే తీరుకు అతను పడిపోతాడు. పెళ్లి చేసుకుంటానంటాడు. చివరికి ఆవిడను ఒంటిచక్రం తోపుడుబండిలో కూర్చోబెట్టి తోసుకుంటూ తీసుకుపోతాడు. మట్టీ ఇటుకలూ మోసే బండి అది. పల్లకీ ఎక్కినంత ఆనందం ఆవిడ మొహంలో. అంత రోత నింపిన సినిమాలో, ఒకరినొకరు మెచ్చుకుని హాయిగా వెళ్లిపోయిన జంట ఆ ఇద్దరే.

ఎడిత్‌కు మాటలు గుర్తుండేవి కావు. అందరూ చెప్పిన సంగతే అది. డబ్బు తక్కువ, ఫిల్ము ఖరీదు. ఒక్క మాట తడబడినా మళ్లీ మొదటికి. అందుకని పదే పదే వల్లె వేయించేవారు. కెమెరా తిరగడం మొదలవగానే ఆవిడ ఆ మాటలను గొంతెత్తి, ఎక్కడా ఆగకుండా, అరుపులాగా అప్పజెప్పేది. బడిపిల్ల ఇన్‌స్పెక్టరు ముందు నిలబడి పద్యం అప్పజెప్పినట్టు.

నటన నేర్చుకున్నవాళ్లకు అది నటనలా అనిపించదు. కానీ ఆ అప్పజెప్పడంలో ఒక శ్రద్ధ ఉంది. తనను నమ్మి ఒక పని అప్పగించారు, దాన్ని పాడు చేయకూడదన్న భయభక్తులున్నాయి. ఎంతో తేలిగ్గా నటించేసే పెద్ద నటుల్లో ఒక్కోసారి కనిపించనిది అదే.

బాల్టిమోర్ నుంచి ఆ సినిమా న్యూయార్క్ చేరింది. ఎల్గిన్ అనే థియేటర్లో అర్ధరాత్రి ఆటలు వేసేవారు. పగటిపూట ఎవరూ వేయని సినిమాలకు రాత్రి పన్నెండు గంటలకు జనం వరస కట్టేవారు. మొదటిసారి వచ్చినవాడు మర్నాడు నలుగురిని వెంటబెట్టుకుని వచ్చేవాడు. అలా నోటిమాటగా పాకింది. చూసినవాళ్లంతా ఆవిడకు ‘ఎగ్ లేడీ’ అని పేరు పెట్టేశారు. మన మాటల్లో గుడ్లావిడ.

తర్వాత 1974లో ‘ఫిమేల్ ట్రబుల్’. అందులో ఐడా అత్త. నల్లటి బిగుతు బట్టల్లో, పట్టీలు బిగించుకుని, భయం లేకుండా నిలబడింది. 1977లో ‘డెస్పరేట్ లివింగ్’. అందులో ఏకంగా మహారాణి. మార్ట్‌విల్ అనే దిక్కుమాలిన ఊరికి కార్లొట్టా రాణి. సైనికులు మోస్తుంటే ఊరేగుతుంది. ఈ రోజు ప్రజలందరూ బట్టలు వెనక్కి తొడుక్కుని వెనక్కే నడవాలని ఆజ్ఞ ఇస్తుంది. ఆశ్రమంలో గంట కొడితే లేచి, గంట కొడితే తిన్న పిల్ల, అరవైకి దగ్గరపడ్డ వయసులో కిరీటం పెట్టుకుని హుకుం జారీ చేసింది.

ఇంత జరిగినా రేవు పేటను ఆవిడ వదిలిపోలేదు. బారు పని మానేసి ఫెల్స్ పాయింట్‌లోనే ఒక చిన్న కొట్టు పెట్టుకుంది. పేరు ‘ఎడిత్స్ షాపింగ్ బ్యాగ్’. వాడిన బట్టలు, పాత సామాన్లు, ఎవరింట్లోనో పనికిరాక వచ్చిన వస్తువులు అమ్మేది. న్యూయార్క్ అర్ధరాత్రి ఆటల్లో ఆవిడను చూసినవాళ్లు బస్సెక్కి వెతుక్కుంటూ ఆ కొట్టుకు వచ్చేవారు.

ఆ దృశ్యం ఊహించుకుంటే నాకు హాయిగా ఉంటుంది. గుమ్మం దగ్గర బెరుగ్గా నిలబడ్డ కుర్రాళ్లు. లోపల పాత చొక్కాల గుట్టల మధ్య వాళ్ల తార. ఆటోగ్రాఫు కావాలి వాళ్లకు. ఒక్క ఫొటో కావాలి. అడ్డుపడే మేనేజరు లేడు, ఎత్తు గోడల బంగళా లేదు. ఎడిత్ సంతకం పెట్టి ఇచ్చేది. వచ్చినవాళ్లు ఊరికే వెళ్లలేక ఏ పాత చొక్కానో కొనుక్కుని పోయేవారు.

మళ్లీ కౌంటరు వెనకే నిలబడింది ఆవిడ. అయితే ఒక్క తేడా. ఈసారి గుమ్మం దాటి వచ్చినవాళ్లు ఆవిడను చూడడానికే వచ్చారు.

ఆ కొట్టూ, ఆ మనిషీ నచ్చి రాబర్ట్ మేయర్ 1975లో ‘లవ్ లెటర్ టు ఈడీ’ అని ఒక చిన్న సినిమా తీశాడు. పావుగంటలో అయిపోతుంది. ఆవిడ జీవితాన్ని ఆవిడ చేతే చెప్పించాడు. పేరులోనే ఉంది సంగతంతా, అదొక ప్రేమలేఖ. కొంచెం సరదాగా, కొంచెం కల్పనగా సాగినా, ఎవరైనా తన కథ అడిగితే మనిషి మొహం ఎలా వెలిగిపోతుందో చూడాలంటే అది చూడాలి.

పంక్ సంగీతం ఊపులో ఉన్న రోజుల్లో ఆవిడ ఒక బ్యాండులో కూడా చేరింది. పేరు ‘ఈడీ అండ్ ది ఎగ్స్’. అరవై ఏళ్ల మనిషి మైకు పట్టుకుని పాడుతుంటే వెనక డ్రమ్స్ వాయించిన అమ్మాయి జీనా షాక్. ఆ అమ్మాయి తర్వాత ‘గో గోస్’ అనే ఆడపిల్లల బ్యాండులో చేరింది. వాళ్ల తొలి ఆల్బమ్ 1982లో అమెరికాలో మొదటి స్థానానికి చేరింది. 1980లో జాన్ మెలెన్‌క్యాంప్ తన ఆల్బమ్ అట్ట మీద ఎడిత్ బొమ్మ వేసుకున్నాడు. శుభాకాంక్షల కార్డుల మీద కూడా ఆవిడ ఫొటోలు వచ్చాయి.

ఇక్కడ నన్ను ఎప్పుడూ కలవరపెట్టే ప్రశ్న ఒకటుంది. జనం ఆవిడను చూసి నవ్వారా, ఆవిడతో కలిసి నవ్వారా? లావుగా, పళ్లు ఊడి, మాట తడబడే మనిషిని తెర మీద పెట్టి నవ్వించడం సబబేనా? ఆవిడ అమాయకత్వాన్ని ఆ కుర్రాళ్లు వాడుకున్నారా?

పూర్తి సమాధానం నా దగ్గర లేదు. హాల్లో నవ్విన వేల మందిలో అందరి నవ్వూ ఒకలాంటిది అయ్యుండదు. కొందరి నవ్వులో ఎగతాళి ఉండే ఉంటుంది. కానీ కొన్ని సంగతులు చూస్తే మనసు కుదుటపడుతుంది.

వాటర్స్ ఆవిడను ఒక్కసారి చూపించి వదిలేయలేదు. 1970 నుంచి 1981 దాకా పూర్తి నిడివి సినిమాలు ఐదు తీస్తే, ఐదింటిలోనూ ఆవిడకు వేషముంది. చేతికి కాస్త డబ్బొచ్చాక ‘పాలియెస్టర్’ సినిమాలో ట్యాబ్ హంటర్ అనే హాలీవుడ్ నటుణ్ని తెచ్చుకున్నాడు. అప్పుడు కూడా ఎడిత్‌ను పక్కన పెట్టలేదు. 1981లో రాసుకున్న పుస్తకం ‘షాక్ వాల్యూ’లో ఆవిడ కోసం ఒక అధ్యాయమే రాశాడు.

‘పాలియెస్టర్’ గురించి ఒక ముచ్చట. ప్రేక్షకులకు టిక్కెట్టుతో పాటు ఒక అట్టముక్క ఇచ్చేవారు. దాని మీద పది అంకెలు. తెర మీద ఏ అంకె మెరిస్తే ఆ చోట గోకాలి. ఆ సన్నివేశంలోని వాసన వస్తుంది. గులాబీ వాసనా ఉంది, పాత బూట్ల కంపూ ఉంది. ఆ సినిమాలో ఎడిత్ పేరు కడల్స్. ఇళ్లు శుభ్రం చేసే పనిమనిషి. యజమానుల ఆస్తి అనుకోకుండా కలిసొచ్చి శ్రీమంతురాలవుతుంది. కారూ డ్రైవరూ వస్తారు. మంచి మంచి బట్టలొస్తాయి.

డబ్బొచ్చినా కడల్స్ మారదు. కష్టాల్లో మునిగిపోయిన పాత యజమానురాలిని, డివైన్ వేసిన ఫ్రాన్సీన్‌ను, రోజూ వచ్చి పలకరిస్తుంది. విహారానికి తీసుకుపోతుంది. మొగుడూ పిల్లలూ కన్నతల్లీ అందరూ ఆ ఇల్లాలిని సాధించేవాళ్లే. ఆదరించేది ఒక్క కడల్స్. వెర్రి వేషాలన్నీ వేయించిన వాటర్స్, తన సినిమాల్లో ఆఖరిసారిగా ఎడిత్‌కు మంచి స్నేహితురాలి పాత్ర ఇచ్చాడు. బహుశా ఆ మనిషిని అన్నేళ్లు దగ్గరగా చూసి రాసిన పాత్ర అది.

అందుకే నాకనిపిస్తుంది. నవ్వడంలో కాదు తేడా, ఆ నవ్వు అయ్యాక మనం ఆ మనిషిని గుమ్మం దాకా సాగనంపుతామా, అక్కడే వదిలేసి వెళ్లిపోతామా అన్నదాంట్లో ఉంది. మన ఇళ్లలో అమ్మమ్మల మాటలకు, నాన్నమ్మల చాదస్తాలకు మనం నవ్వమా? నవ్వుతాం. నవ్వి, ఆ పూట వాళ్ల పక్కనే కూర్చుని భోంచేస్తాం. ఆ నవ్వు వాళ్లను నొప్పించదు.

డ్రీమ్‌ల్యాండ్ బృందంలో చాలామంది ఇప్పుడు లేరు. డేవిడ్ లొకారీ 1977లోనే పోయాడు. డివైన్ 1988లో, తాను నటించిన ‘హెయిర్‌స్ప్రే’ సినిమా విడుదలై అందరూ మెచ్చుకుంటున్న రోజుల్లో. కుకీ ముల్లర్ 1989లో. రాత్రి పన్నెండు గంటల ఆటలు నడిచిన ఎల్గిన్ థియేటర్ నాట్యశాల అయిపోయింది. దాని పేరిప్పుడు జాయిస్ థియేటర్.

చర్చి హాళ్లలో తెర కట్టి చూపించిన ‘మల్టిపుల్ మేనియాక్స్’కు 2016లో దుమ్ము దులిపి కొత్త కాపీ తీశారు. అందరూ ఛీకొట్టిన ‘పింక్ ఫ్లెమింగోస్’ను 2021లో అమెరికా జాతీయ చలనచిత్ర పట్టికలో చేర్చారు. దేశం భద్రంగా దాచుకోవాల్సిన సినిమాల జాబితా అది. రేవు పేట బారులో గ్లాసులు నింపిన ఆవిడ, కటకటాల తొట్టిలో కూర్చుని గుడ్ల కోసం ఎదురుచూస్తూ, ఆ దేశపు జ్ఞాపకాల్లో ఒక భాగమైపోయింది.

ఆ సంగతి తెలుసుకోవడానికి ఆవిడ లేదు. ఉన్నా పెద్దగా పట్టించుకునేది కాదేమో. ఆవిడకు కావాల్సిన గుర్తింపు అప్పటికే అందింది. కొట్టు గుమ్మంలో బెరుగ్గా నిలబడి ‘మీరే కదూ’ అని అడిగిన కుర్రాళ్ల రూపంలో వచ్చింది.

పేరు ప్రఖ్యాతులంటే లక్షల మంది చప్పట్లని అనుకుంటాం. నిజానికి మనిషికి కావాల్సింది అంతకంటే చాలా తక్కువ. నేనిక్కడ ఉన్నానని ఎవరో ఒకరు చూడాలి. చూసి, పేరుతో పిలవాలి. అది పదహారేళ్లకు దొరికితే అదృష్టం. యాభై దాటాక దొరికితే, ఆ ఆలస్యం వల్ల దాని రుచేమీ తగ్గదు. ఎడిత్ నవ్వు చూసినవాళ్లకు ఆ సంగతి వేరే చెప్పక్కర్లేదు.

ఈసారి సరుకులకు వెళ్లినప్పుడు కొట్టాయన మొహం వంక ఒక్క నిమిషం నింపాదిగా చూద్దాం. పేరు తెలియకపోతే అడుగుదాం. ఏ ఊరు, పిల్లలేం చదువుతున్నారు, చిన్నప్పుడు ఏమవ్వాలనుకున్నారు? ఆ చివరి ప్రశ్నకు ఆయన కాస్త సిగ్గుపడి నవ్వితే, తూకం పక్కన పెట్టి ఏదో చెప్పబోతే, మన తొందర ఒక్క రెండు నిమిషాలు ఆగుతుంది. అంతకుమించి పోయేదేమీ లేదు.

ఎడిత్ మాసీ చివరి రోజుల్లో బాల్టిమోర్ వదిలి కాలిఫోర్నియా వెళ్లింది. లాస్ ఏంజిలిస్‌లో సముద్రం ఒడ్డున, వెనిస్ అనే పేటలో, మళ్లీ పాత సామాన్ల కొట్టే పెట్టుకుంది. పదహారేళ్లప్పుడు ఏ ఊరికి పారిపోయి వచ్చిందో ఆ ఊరికే తిరిగి చేరింది. 1984 అక్టోబరు 24న, అరవై ఆరేళ్ల వయసులో, జబ్బు చేసి కన్నుమూసింది. ఆవిడ చితాభస్మాన్ని వెస్ట్‌వుడ్ శ్మశానవాటికలోని గులాబీ తోటలో చల్లారు. మార్లిన్ మన్రో సమాధి ఉన్నది కూడా ఆ వాటికలోనే.